క్రోనిటాన్ టార్పీడో

1997లో ‘స్టార్ ట్రెక్: వాయేజర్’ సీరియల్లో వచ్చిన ‘ఇయర్ ఆఫ్ హెల్’ అనే రెండు భాగాల కథలో క్రెనిమ్ జాతి యుద్ధనౌకలు వదిలే ఆయుధమిది. గ్రీకులో ‘క్రోనోస్’ అంటే కాలం. దానికి ఎలక్ట్రాన్, ప్రోటాన్‌ల తోక తగిలిస్తే కాలపు కణం తయారు! డాక్టరుగారు ‘క్రానిక్’ అనే మొండిజబ్బులో ఉన్నదీ ఆ క్రోనోసే.

నాకు టార్పీడో కథే ఎక్కువ ఇష్టం. లాటిన్‌లో అది ముట్టుకుంటే తిమ్మిరెక్కించే చేప పేరు. ఈ చేప మాత్రం కాలంలో కాస్త పక్కకి జరిగి ఉంటుంది, అందుకే రక్షణ కవచానికి చిక్కదు. అలాంటిది ఒకటి పేలకుండా కథానాయకుల నౌక వాయేజర్‌లో ఇరుక్కుపోతుంది. నౌక సిబ్బందిలోని సెవెన్ ఆఫ్ నైన్ దగ్గరికెళ్లి కొలిస్తే ఆ కాలపు తేడా 1.47 మైక్రోసెకన్లు. అంకె దక్కింది గానీ, టార్పీడో పేలి, ఆమె సహచరుడు టూవాక్ చూపు పోయింది.