బూడిద దిబ్బల కాపరులు: దక్షిణ దక్కను తొలి పశుపాలకుల చరిత్ర – ఒక పరిశీలన

బళ్ళారి నుండి హోస్పేటకు పోయే దారిలో కుడతిని అనే ఊరి దగ్గర ఒక పెద్ద బూడిద గుట్ట ఉంది. తెలియనివారు దానిని ఏదో పాత బట్టీ వదిలిన చెత్త అనుకొని దాటిపోతారు. ఇటువంటి దిబ్బలు బళ్ళారి, రాయచూరు, కొప్పళ, యాదగిరి ప్రాంతాలలోను, మన అనంతపురం, కర్నూలు, పాలమూరు సీమలలోను కలిపి వందకు పైగా గుర్తించబడ్డాయి. కొన్ని నడుము ఎత్తు కూడా లేవు. కొన్ని పది మీటర్ల వరకు లేచాయి. ఇవి సుమారు క్రీ.పూ. 3000 మొదలు ఆ తరువాతి రెండు వేల సంవత్సరాల లోపల ఏర్పడినవి. అంటే, అబ్రాహాము కాలంగా మనం సాధారణంగా లెక్కించే కాలానికి ముందే వీటిలో కొన్ని కాలి చల్లారిపోయాయి.

వాటిని పోసినవారు అక్షరం ఎరుగనివారు. వారి పేరు, భాష, దేవుడు ఎవరో చెప్పే శాసనం ఏదీ లేదు. గ్రంథం చేతిలో పట్టుకొని చరిత్ర చదవడానికి అలవాటుపడిన మనవంటి వారికి ఇది ఒక పరీక్ష వంటిది. గ్రంథం లేనివారి చరిత్రను ఎలా చదవాలి? అంతేకాక, ఈ దేశపు "ఆది నివాసులు" ఎవరు అనే చర్చ మన సంఘాలలో తరచుగా వినబడుతున్నది గనుక ఈ దిబ్బలు మనకు పరాయి విషయం కాదు.

రాక్షసుని బూడిదయా, అగ్నిపర్వతమా?

మద్రాసు సైన్యంలో పనిచేసిన కెప్టెన్ న్యూబోల్డ్ 1830లలో, 1840లలో ఈ దిబ్బలను చూచి వ్రాశాడు. చుట్టుపక్కల ఊళ్ళవారు వాటిని భీముని చేతిలో చచ్చిన హిడింబాసురుని బూడిదగా చెప్పుకొనేవారు. దొరలు ఆ కథను నవ్వి కొట్టివేశారు గాని వారి ఊహలు కూడా అంతకంటే గొప్పవి కావు. గాజులా కరిగి గట్టిపడిన ముక్కలను చూచి కొందరు అగ్నిపర్వతం అన్నారు. రాబర్ట్ స్యూయెల్ 1899లో వ్రాస్తూ, సామూహిక దహనాల వల్ల ఇవి ఏర్పడి ఉండవచ్చునన్నాడు. విజయనగర చరిత్రలో తలమునకలైన మనిషికి బళ్ళారి బూడిదలో విజయనగరమే కనబడింది. పండితులు తమకు ముందే తెలిసినదానినే మట్టిలో చూస్తారనడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ నాకు తెలియదు.

సరైన దారి పట్టినవాడు రాబర్ట్ బ్రూస్ ఫూట్. ఈయన భూగర్భ సర్వే ఉద్యోగి. 1863లో మద్రాసు దగ్గరి పల్లావరంలో పాతరాతియుగపు పనిముట్టును గుర్తించి, భారతదేశపు ప్రాక్ చరిత్ర అధ్యయనానికి ఆద్యుడైనవాడు. ఇక్కడ ఒక విషయం మన పాఠకులకు ఆసక్తి కలిగించవచ్చు: ఫూట్ మామగారు రెవ. పీటర్ పెర్సివల్. యాళ్పాణంలో ఆరుముగ నావలర్ సహాయంతో తమిళ బైబిలు అనువాదం నడిపించిన మిషనరీ ఈయనే. ఫూట్ బళ్ళారి ప్రాంతంలో తిరిగి, ఆ బూడిద ఆవుపేడ కాలినదని, దిబ్బల పక్కన దొరికే నునుపు రాతి గొడ్డళ్ళు, కుండపెంకులు వాటిని పోసినవారివేనని తేల్చాడు. అందరూ ఒప్పుకోవడానికి చాలా కాలం పట్టింది. 1960 ప్రాంతంలో లండనులో జాయినర్ అనే శాస్త్రజ్ఞుడు ఆ ముద్దలను పరీక్షించి, అది మిక్కిలి వేడికి కాలిన పేడయే అని నిర్ధారించిన తరువాతనే వివాదం సద్దుమణిగింది.

ఉట్నూరులో గిట్టల గుర్తులు

ఆదిలాబాదు ఉట్నూరు కాదు. నాటి మహబూబ్‌నగర్ జిల్లా మక్తల్ తాలూకాలోని ఉట్నూరు. అక్కడి దిబ్బను 1957లో రేమండ్ ఆల్చిన్ త్రవ్వాడు. పొరల వెంట జాగ్రత్తగా దిగితే నేలలో వరుసగా గుంటలు కనబడ్డాయి. అవి దొడ్డి చుట్టూ పాతిన మొద్దుల గుంటలు. ఆ కంచె కాలిపోయింది, మరల కట్టబడింది, మరల కాలిపోయింది. దొడ్డి లోపలి నేల మీద పశువుల గిట్టల గుర్తులు అలాగే నిలిచి ఉన్నాయి. నాలుగు వేల సంవత్సరాలకు పైబడిన ఒక సాయంకాలం మంద లోపలికి తోలబడిన గుర్తులవి. మొత్తం దక్షిణ భారత త్రవ్వకాలలో నన్ను అన్నిటికంటే ఎక్కువగా ఆకర్షించే ఆధారం ఇదే అని చెప్పక తప్పదు.

మరి దొడ్డిని ఎందుకు కాల్చారు? 1963లో అచ్చయిన తన పుస్తకంలో ఆల్చిన్, ఇది ప్రమాదం కాదు, ఋతువు మారినప్పుడు కావాలని పెట్టిన మంట అన్నాడు. హోలీ, దీపావళి, సంక్రాంతి మంటలతోను, పశువులను మంట మీదుగా తోలే గ్రామాచారాలతోను దానిని పోల్చాడు. తరువాత యాదగిరి ప్రాంతంలోని బూదిహాళ్‌ను త్రవ్విన కె. పద్దయ్య మరొక చిత్రాన్ని మన ముందుంచాడు. దిబ్బ పక్కనే ఇళ్ళు ఉన్నాయి. పిల్లల సమాధులు ఉన్నాయి. పశువులను కోసి మాంసం పంచుకొన్న ఒక నేల కూడా ఉంది. కాబట్టి ఇవి అడవిలోని ఒంటరి దొడ్లు కావు, మనుషులు కాపురమున్న ఊళ్ళు. పేడను ఒకచోట పోగుచేసి కాల్చడం చాలవరకు ఆ ఊరి దైనందిన వ్యవహారమే.

యెహెజ్కేలు 4:15 చదివినవారికి ఆవుపేడ వంటచెరకు అని తెలుసు. మన పల్లెలలో పిడకలు ఎరుగనివారు లేరు. అంత విలువైనదాన్ని గుట్టలుగా తగులబెట్టడం చూచి, ఇది బలి లేదా శుద్ధి కర్మ అయి ఉండాలని వేదాంత విద్యార్థికి తోచడం సహజం. సంఖ్యాకాండము 19లోని ఎఱ్ఱని పెయ్య బూడిద కూడా జ్ఞాపకం రావచ్చు. అయితే తొందరపడకూడదు. చుట్టూ అడవి ఉండి, దున్నిన పొలం కొంచెమే ఉన్న కాలంలో పేడకు ఇంధనంగా గాని ఎరువుగా గాని ఈనాటి విలువ ఉండి ఉండదు. నా మట్టుకు పద్దయ్య వివరణయే ఎక్కువ సమంజసంగా తోస్తున్నది. అయినా మిక్కిలి వేడితో, మరల మరల, అదే చోట కాల్చిన తీరును కేవలం శుభ్రత అని కొట్టివేయలేము. మతం, పని అని రెండు గదులుగా జీవితాన్ని విడదీసే అలవాటు మనది; వారిది కాకపోవచ్చు.

వారు తిన్నది, పాతిపెట్టినది

ఎముకలలో ఎక్కువ భాగం మూపురం గల ఆవులు, ఎద్దులవి. గొఱ్ఱెలు, మేకలవి కొన్ని. కాలిన గింజలను పరీక్షించిన డోరియన్ ఫుల్లర్ మొదలైనవారు ఉలవలు, పెసలు, అండుకొర్రలు వీరి ముఖ్య పంటలని చూపించారు. గోధుమ, బార్లీ తరువాత ఉత్తరం నుండి వచ్చాయి. అండుకొర్రలను అనంతపురం, కర్ణాటక సరిహద్దు పల్లెలలో నేటికీ పండిస్తున్నారు. బళ్ళారి దగ్గరి సంగనకల్లు కొండల మీద నల్లరాతితో గొడ్డళ్ళు తయారుచేసిన స్థలం ఉంది. అక్కడి బండల మీద పొడిచి చెక్కిన బొమ్మలలో ఎద్దులే ఎక్కువ. చనిపోయిన పసిపిల్లలను కుండలో పెట్టి, ఇంటి నేల క్రిందనే పాతిపెట్టడం ఈ కాలపు అనేక ఊళ్ళలో కనబడుతుంది. ఊరి బయటికి పంపలేదు. దాని వెనుక ఉన్న నమ్మకమేమిటో రాయి చెప్పదు. తల్లికి ఎంత దూరంలో పాతారో మాత్రం చెబుతుంది.

ఒక్కొక్క దిబ్బ వేల సంవత్సరాలు పెరగలేదని, కొన్ని తరాల లోపలనే పని ముగిసి జనం మరొక చోటికి పోయారని 2007లో వెలువడిన కాలనిర్ణయాలు సూచిస్తున్నాయి.

"ఆది" అనే మాట

1917లో బెజవాడలో భాగ్యరెడ్డి వర్మ అధ్యక్షతన జరిగిన మహాసభ పంచములనే పేరు విడిచి ఆది-ఆంధ్రులనే పేరు స్వీకరించింది. తెలుగు క్రైస్తవ సంఘంలో అధిక సంఖ్యాకులు ఆ సమాజాల నుండి వచ్చినవారే. అందువలన బూడిద దిబ్బల జనం "మావారే" అని ప్రసంగించాలన్న ఆశ మన కాపరులలో కొందరికి ఉంది. ఆ ఆశ వెనుక ఉన్న గాయాన్ని నేను తక్కువ చేయను. అయితే ఆధారం దానిని మోయదు. 2013లో హైదరాబాదు సి.సి.ఎం.బి. శాస్త్రజ్ఞులు కూడా పాల్గొని ప్రచురించిన జన్యు పరిశోధన ప్రకారం, నేటి భారతీయ సమాజాలు దాదాపు అన్నీ సుమారు 4,200 నుండి 1,900 సంవత్సరాల క్రితం మధ్య జరిగిన కలయిక నుండి వచ్చినవే. కులం లోపలనే వివాహం చేసుకొనే కట్టుబాటు ఆ తరువాత బిగిసింది. దిబ్బలు కాలుతున్న కాలానికి ఏ కులమూ నేటి రూపంలో లేదు. ఉట్నూరు కాపరి సంతానం మాలపల్లెలోను, మాదిగపల్లెలోను, గొల్లవారిలోను, అగ్రహారంలోను ఉండవచ్చు.

పైగా ఆ కాపరులు కూడా మొదటివారు కారు. కర్నూలు సీమలోని జ్వాలాపురంలో, 74,000 సంవత్సరాల క్రితం సుమత్రాలోని టోబా అగ్నిపర్వతం నుండి వచ్చిపడిన బూడిద పొరకు క్రిందను, పైనను రాతి పనిముట్లు దొరికాయని రవి కొరిశెట్టర్, మైకేల్ పెట్రాగ్లియా బృందం 2007లో ప్రకటించింది. ఎవరు ముందు అనే ప్రశ్నను ఎంత లోతుకు త్రవ్వితే అంత లోతులో మరొకరు ఉంటారు. ఆది-ఆంధ్ర నాయకుల వాదానికి బలం వారు అడిగిన న్యాయంలో ఉంది. దానికి రాతి గొడ్డలి సాక్ష్యం అవసరం లేదు.

పురావస్తు శాస్త్రం ఎంతవరకు చెప్పగలదో మన విద్యార్థులకు పాలస్తీనా ఉదాహరణలతోనే నేర్పుతున్నాము. యెరికోను 1952–58లో త్రవ్విన కాథలీన్ కెన్యన్, మోర్టిమర్ వీలర్ దగ్గర పని నేర్చుకొన్నది. ఆ వీలరే 1947లో కర్ణాటకలోని బ్రహ్మగిరిలో పొరల పద్ధతిలో త్రవ్వి, రాతి గొడ్డళ్ళవారి తరువాత రాక్షసగుళ్ళవారు, వారి తరువాత శాతవాహన కాలపువారు వచ్చారని వరుస తేల్చాడు. యెరికో పొరలు పటంలో చూపించే తరగతిలో బ్రహ్మగిరి పటం కూడా ఉండవచ్చు.

ఇక ఉన్న దిబ్బల సంగతి. బూడిద పొలానికి మంచిదని రైతులు బండ్లకెత్తారు. రోడ్లకు కొంత పోయింది. సంగనకల్లు కొండలను గ్రానైటు క్వారీలు కొరికివేశాయి. అక్కడ మిగిలిన రాతి గొడ్డళ్ళు, కుండలు మొదలైనవాటి కోసం బళ్ళారిలో ఫూట్ పేరుతో ఒక మ్యూజియం వెలిసింది. అనంతపురం జిల్లాలో వి. రామిరెడ్డి త్రవ్విన పాలవాయి దిబ్బ, రాయలసీమ సంఘాలవారు ఒక పూటలో వెళ్ళి చూచి రాగల దూరంలోనే ఉంది.