దస్త్రములను ఎక్కించు విద్య

బందరులోనో, అవనిగడ్డలోనో ఉన్న విద్యార్థి తన ధ్రువపత్రపు నకలును దూరమందలి కంప్యూటరునకు పంపుట నేడు కొద్ది నిమిషముల పని. 2011 నవంబరులో ప్రారంభమైన మీసేవ వంటి ఏర్పాట్ల వలన ఈ పని పల్లెలకు కూడ పరిచితమైనది. దీనినే దస్త్రమును ఎక్కించుట, అనగా అప్‌లోడ్ చేయుట అందురు.

తొలినాటి వెబ్ పుటలు ముఖ్యముగా చదువుకొనుటకే ఉపయోగపడెడివి. 1995 నవంబరులో జిరాక్స్ సంస్థకు చెందిన ఎర్నెస్టో నెబెల్, లారీ మాసింటర్ అనువారు బ్రౌజరు నుండి దస్త్రమును పంపు పద్ధతి నొకదానిని ప్రకటించిరి. పేరు, ఊరు, దస్త్రము అన్నవి వేర్వేరు భాగములగును. భాగమునకు, భాగమునకు నడుమ పొలములో హద్దురాయి వలె ఒక గుర్తు నిలుచును. నేటికిని ఆధారము ఈ పద్ధతియే. కాని ఎంత వెళ్లినదో పంపువానికి తెలియదు. నడుమ తీగ తెగినచో మొదటికి రావలసినదే.

అదే సంవత్సరము బ్రెండన్ ఐక్ జావాస్క్రిప్ట్ భాషను రూపొందించెను. కాలక్రమమున బ్రౌజర్ల శక్తి పెరిగి, ఆ భాషలో వ్రాసిన ప్రోగ్రాము దస్త్రమును ముక్కలు చేసి పంపగలిగినది. 20 మెగాబైట్ల దస్త్రమును 5 మెగాబైట్ల చొప్పున పంపుచుండగా మూడు ముక్కలు చేరినపిమ్మట సంబంధము తెగినదనుకొనుడు. నాలుగవ ముక్కనుండి సాగించిన చాలును. 2013లో మొదలైన టస్ అను పద్ధతి ఇట్టిదే: ఎంతవరకు అందినదో సర్వరునే అడిగి, అక్కడినుండి పంపుదురు.

ఈ పని అందరును మొదటినుండి వ్రాయనక్కరలేదు. ఒకరు వ్రాసియుంచిన ప్రోగ్రాముల సంచయమును మరొకరు తమ పుటకు చేర్చుకొందురు. దీనికి లైబ్రరీ అని పేరు. ఇది పుస్తకముల గది కాదు. సెబాస్టియన్ చాన్ వ్రాసిన జెక్వెరీ ఫైల్ అప్‌లోడ్ ఇట్టి వానిలో మిక్కిలి ప్రసిద్ధము.

దానితోడి సర్వరు భాగము ఎట్టి దస్త్రమునైనను స్వీకరించెడిది. ప్రమాదకరమైన దస్త్రము సర్వరులో నడువకుండ కాపాడు భారమును అపాచి సర్వరు చదువు ఒక చిన్న ఆజ్ఞాపత్రముపై ఉంచిరి. కాని 2010లో వచ్చిన అపాచి 2.3.9 నుండి, ప్రత్యేకముగా కోరిననే తప్ప ఆ పత్రమును చదువుట మానివేసినది. కావలివాడు ఉన్నాడనుకొన్న గుమ్మము ఖాళీ అయినది. పరుల సర్వరులో తమ ప్రోగ్రామును ఎక్కించి నడుపుటకు దుర్మార్గులకు దారి దొరకినది. 2018 అక్టోబరులో అకమాయ్ సంస్థ పరిశోధకుడు లారీ క్యాష్‌డాలర్ దీనిని వెల్లడించెను. మూలమును సరిచేసి, చిత్రములను మాత్రమే అనుమతించునట్లు మార్చిరి. కాని వేలకొలది నకళ్లు అప్పటికే వేర్వేరు చేతులలో ఉన్నవి. మూలమును దిద్దినంత మాత్రమున అవి దిద్దబడవు.

ఎగువ ఊరివారు వేసిన కరకట్టను నమ్ముకొన్న దిగువ రైతు ఏటేట దానిని చూచి రావలెనని దివిసీమ వారికి వేరుగ చెప్పనక్కరలేదు. లైబ్రరీ విషయమును అంతే. బ్రౌజరులో చేయు పరీక్ష వాడువాని సౌకర్యమునకే. దానిని దాటుట సులభము. దస్త్రపు పరిమాణమును, రకమును సర్వరు తానుగా పరీక్షింపవలెను. క్రొత్త పేరు పెట్టి, ప్రోగ్రాములు నడువని చోట దాచవలెను. లైబ్రరీకి వచ్చు సవరణలను ఎప్పటికప్పుడు చేర్చుకొనవలెను. ఒకరి ధ్రువపత్రము మరొకరి చేత పడకుండుట ఈ జాగ్రత్తలపై ఆధారపడియున్నది.