లాపూటా చందమామలు

జొనాథన్ స్విఫ్ట్ 1726లో అచ్చువేయించిన గలివర్ కథలో లాపూటా అని గాలిలో తేలే దీవి ఒకటుంది. అక్కడి మగవాళ్ళకి ఎప్పుడూ లెక్కల ధ్యాసే. ఎవరైనా పలకరించారంటే నౌకరు చెవిమీద తట్టి చెప్పాలి. ఇక వాళ్ళ పెళ్ళాల గతి చెప్పేదేముంది, కిందికి దిగిపోతే చాలుననుకునేవారు పాపం!

కానీ కుజుడికి రెండు చందమామలున్నాయని ఆ పరధ్యానపు పండితులు కనిపెట్టేశారు. లోపలిది 10 గంటల్లోనూ, బయటిది ఇరవై ఒకటిన్నర గంటల్లోనూ చుట్టి వస్తాయట. నిజానికి అప్పటికి వాటిని చూసినవాడు లేడు. కెప్లర్ 1610లో రెండుంటాయని ఊహించాడు, అంతే.

1877 ఆగస్టులో వాషింగ్టన్ నౌకాదళ వేధశాలలో అసఫ్ హాల్ 26 అంగుళాల దుర్భిణీతో వెతికి వెతికి విసిగిపోయాడు. భార్య ఏంజెలీన్ ఊరుకోలేదు, మళ్ళీ చూడమని పంపింది. ఆవిడ ఒకప్పుడు ఆయనకి లెక్కలు చెప్పిన పంతులమ్మ మరి! ఇక్కడ చెవి తట్టింది ఇల్లాలే. ఆ నెలలోనే రెండూ దొరికాయి. లోపలి ఫోబోస్‌కి 7 గంటల 39 నిమిషాలు, బయటి డీమోస్‌కి 30 గంటల పైచిలుకు పడుతుంది. లాపూటా లెక్క మరీ అంత అన్యాయమేం కాదు.

ఫోబోస్ మీది అన్నిటికన్నా పెద్ద గుంటకి 1973లో ఏంజెలీన్ పుట్టింటి పేరు, స్టిక్నీ అని పెట్టారు. ఆయన పేరూ ఒకదానికి ఉందిలెండి, కాస్త చిన్నదానికి.