మిగతా కథ ఎక్కడ చూడాలి?

పాత సినిమా పాటల పుస్తకాలు ఇంట్లో ఎక్కడైనా మిగిలి ఉంటే ఒకసారి తీసి చూడండి. పల్చటి నాసిరకం కాగితం మీద తారాగణం, పాటలు, వాటికి ముందు కథాసంగ్రహం ఉంటాయి. కథ సాఫీగానే మొదలవుతుంది. కొంతదూరం పోయాక కథానాయికకు కష్టం వస్తుంది. భర్త అనుమానిస్తాడు, లేదా అత్త గెంటేస్తుంది, లేదా దుర్మార్గుడెవడో ఎత్తుకుపోతాడు. సరిగ్గా అక్కడ కథ ఆగిపోతుంది. ‘మిగతా వెండితెరపై చూడండి’ అని ఉంటుంది. తెలుగు సినిమాకి మొదటి ట్రైలర్ ఆ ఒక్క వాక్యమేననిపిస్తుంది. స్త్రీని ఆపదలో నిలబెట్టి, అక్కడ కథ ఆపి, టిక్కెట్టు కొనుక్కోమని పిలవడం అందులోనే ఉంది.

పుస్తకం కొనలేని వాళ్లకి, చదవడం రాని వాళ్లకి మైకు ఉండేది. ఊళ్లోకి కొత్త సినిమా వస్తే బండికో రిక్షాకో పోస్టర్లు కట్టి, వీధి వీధీ తిప్పి, రంగు కాగితాలు పంచేవాళ్లు. పిల్లలు బండి వెంట పరుగెత్తేవాళ్లు. ఆడవాళ్లు పొయ్యి దగ్గరినుంచో మగ్గం దగ్గరినుంచో వినేవాళ్లు. సినిమా వాళ్లకు ముందు చెవి ద్వారానే చేరింది. ఆ చేరవేసే గొంతు దాదాపు ఎప్పుడూ మగగొంతే.

ట్రైలర్ చరిత్ర రాసేవాళ్లు ఈ గొంతు సంగతి అంతగా పట్టించుకోరు. దాని గురించి మాట్లాడుకోవడానికి గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు ప్రాంతం మంచి చోటు. 2016 అక్టోబరు 11న విడివిడి జిల్లాలయ్యేదాకా ఈ మూడూ మహబూబ్‌నగర్ జిల్లాలోవే. వలసకీ కరువుకీ పేరుపడ్డ ఈ పాలమూరు నేల చరిత్రనుంచి, రాణుల పేర్లే శీర్షికలుగా వచ్చిన రెండు పెద్ద తెలుగు సినిమాలు ఏదో ఒకటి తీసుకున్నాయి. ఒకటి 2009లో వచ్చిన ‘అరుంధతి’. రెండోది 2015లో వచ్చిన ‘రుద్రమదేవి’. రెండింటి ప్రచారమూ జనాన్ని ఊపేసింది. ఆ ఊపులోంచి చివరికి జనం నోళ్లలో మిగిలిందేమిటన్నదే నా ప్రశ్న.

ముందు ట్రైలర్ ఎలా పనిచేస్తుందో చూద్దాం. ఆంగ్లంలో ఆ మాటకి వెనకాల లాక్కొచ్చేది అని అర్థం. మొదట్లో సినిమా అయిపోయాక వేసేవాళ్లు కాబట్టి ఆ పేరు వచ్చింది. 1913లో అమెరికాలో నీల్స్ గ్రాన్లండ్ అనే థియేటర్ల ప్రచార నిర్వాహకుడు ఒక సంగీత నాటకం రిహార్సళ్లను చిత్రించి చూపించడం దీనికి ఆరంభమని చెబుతారు. ఆట అయిపోగానే జనం లేచి వెళ్లిపోతారు కదా, అందుకని తర్వాత దాన్ని ముందుకు తెచ్చారు. పేరు మాత్రం అదే ఉండిపోయింది.

ట్రైలర్ కథ చెప్పదు, కథకి సంబంధించిన ఒక ప్రశ్నను మన మనసులో నాటుతుంది. దృశ్యాలను వరుస తప్పించి, ఒక్కోదాన్నీ క్షణం చూపించి లాగేసుకుంటుంది. ఖాళీలను మనమే పూరించుకుంటాం. ఆ పూరించుకోవడంలోనే ఉద్వేగం ఉంది. చూసినవాళ్లు ఇంకొకరికి చెప్పకుండా ఉండలేకపోవడానికీ అదే కారణం. 1960లో హిచ్‌కాక్ తన ‘సైకో’కి ఆరు నిమిషాలకు పైగా సాగే ట్రైలర్ తీశాడు. తనే మార్గదర్శకుడిలా సినిమాలోని హోటల్, ఇల్లు తిప్పి చూపిస్తాడు. చివరికి స్నానాలగది తెర లాగుతాడు, ఒక స్త్రీ కెవ్వున అరుస్తుంది. ఆ అరిచింది సినిమాలో అక్కడ హత్యకు గురయ్యే పాత్ర వేసిన జానెట్ లీ కూడా కాదు, విగ్గు పెట్టుకున్న వెరా మైల్స్. ఎవరైనా ఒకటే, కావలసింది అరుపు! తీరిగ్గా వివరించే గొంతు మగవాడిది, ఆడదానికి మిగిలింది కేక.

హాలీవుడ్ ట్రైలర్లకు దశాబ్దాలపాటు గొంతుగా నిలిచిన డాన్ లాఫాంటేన్ 2008లో చనిపోయేనాటికి ఐదువేలకు పైగా ట్రైలర్లకు మాట ఇచ్చాడు. ఆ ‘దైవవాణి’ ఎప్పుడూ పురుషుడిదే ఎందుకు కావాలని అడుగుతూ లేక్ బెల్ అనే నటి 2013లో స్వయంగా ఒక సినిమానే తీసింది. మన దగ్గర అలాంటి ప్రశ్న ఇంకా గట్టిగా వినబడలేదు.

ఇప్పుడు గద్వాలకు వద్దాం. 2009 జనవరి 16న, సంక్రాంతి రోజుల్లో ‘అరుంధతి’ విడుదలైంది. దర్శకుడు కోడి రామకృష్ణ, నిర్మాత శ్యాంప్రసాద్ రెడ్డి. కథ గద్వాల సంస్థానంలో జరుగుతుంది. అక్క భర్త పశుపతి చేసే అత్యాచారాన్ని, హత్యను చిన్నపిల్లగా ఉన్నప్పుడే ఎదిరించిన జేజమ్మ, పెద్దయ్యాక వాణ్ణి బతికుండగానే సమాధి చేయిస్తుంది. తర్వాతి తరాల్లో మళ్లీ పుట్టి మళ్లీ పోరాడుతుంది. పేరున్న హీరో లేకుండా ఒక స్త్రీ పాత్ర మీదే అంత పెద్ద ఖర్చు పెట్టడం, ఆమె రూపమే పోస్టరు నిండా నిలబడటం చిన్న సంగతి కాదు. వెన్ను నిటారుగా పెట్టి కళ్లలోకి చూసే రాణిని గోడల మీద చూసి ఆడవాళ్లు పొందిన ఉత్సాహం నిజమైనది. దాన్ని నేను తక్కువ చేయను. ‘ప్రతిఘటన’, ‘కర్తవ్యం’ రోజుల్లో విజయశాంతిని చూసి పొందిన ఉత్సాహానికి అది కొనసాగింపు.

కానీ ఆ సినిమా పేరెత్తగానే ఎవరికైనా మొదట గుర్తొచ్చే మాటేమిటి? ‘బొమ్మాళీ’. అది జేజమ్మ మాట కాదు. తనను వదలనని ఆమెను బెదిరించే పశుపతి మాట. ఆ పాత్ర వేసిన సోనూ సూద్‌కి గొంతు అరువిచ్చిన పి. రవిశంకర్ పేరు ఆ తర్వాత ‘బొమ్మాళీ రవిశంకర్’ అయిపోయింది. మూడు నెలలు తిరక్కుండా, ఏప్రిల్‌లో వచ్చిన ‘బిల్లా’లో అదే అనుష్క ఉన్న సినిమాలోనే ‘బొమ్మాళీ’ ఒక హుషారు పాటగా మారింది. ఒక స్త్రీని చెరచడానికి సమాధిలోంచి లేచొచ్చినవాడి పిలుపు అంత తేలిగ్గా సరసంగా, నవ్వులాటగా ఎలా చెల్లుబాటయింది? వెంటపడటాన్ని ప్రేమగా చూపే సినిమాలకు అలవాటుపడ్డ చెవులకి బెదిరింపుకీ సరసానికీ తేడా తెలియకుండా పోవడం వల్లనే. జేజమ్మ గెలిచింది, పశుపతి గొంతు బతికింది.

ఆ సినిమాలోనే ఇంకో గొంతు ఉందని మరచిపోకూడదు. జేజమ్మ కథను అరుంధతికి చెప్పేది చంద్రమ్మ అనే ముసలి పనిమనిషి. ఆ పాత్రను మనోరమ వేసింది. కోటలోని రహస్యాన్ని తరం నుంచి తరానికి మోసుకొచ్చిన చరిత్రకారిణి ఆమే. ఇంటి చరిత్ర దొరలకంటే దాసీలకే బాగా తెలుసన్న సత్యం ఆ పాత్రలో ఉంది. అయినా చంద్రమ్మ గొంతును ఎవరూ అనుకరించలేదు.

సినిమాలో గద్వాల కోటగా మనం చూసిన భవనం గద్వాలలో లేదు. అది ఇప్పటి నంద్యాల జిల్లా బనగానపల్లెలోని నవాబు బంగళా. జనం దాన్ని ఇప్పుడు ‘అరుంధతి కోట’ అనే పిలుస్తున్నారు. సోమనాద్రి కట్టించిన అసలు గద్వాల కోటలో చెన్నకేశవస్వామి గుడి ఉంది, ఒక ప్రభుత్వ డిగ్రీ కళాశాల ఉంది. ఆ కళాశాల పేరు మహారాణి ఆదిలక్ష్మీదేవమ్మది. భర్త చనిపోయాక 1924 నుంచి, సంస్థానాలు రద్దయిన 1949 దాకా గద్వాలను ఏలింది ఆమే. ‘విద్వద్గద్వాల’గా పేరుపడ్డ ఆ ఆస్థానంలో పండితులను, కవులను ఆదరించింది. పొరుగున వనపర్తి సంస్థానం కోడలు రాణి కుముదినీదేవి అంతఃపురం దాటి వచ్చి 1962లో హైదరాబాద్ మేయరయింది, శాసనసభకు ఎన్నికయింది, కుష్ఠురోగుల కోసం శివానంద పునరావాస కేంద్రాన్ని స్థాపించి నడిపింది. ఈ ఇద్దరి జీవితాల్లోనూ ఆత్మలు లేవు, కత్తులు లేవు. దస్తావేజులు, సభలు, ఎన్నికలు, ఆసుపత్రులు ఉన్నాయి. స్త్రీ అధికారాన్ని ఒక అద్భుతంగా తప్ప రోజువారీ పనిగా చూపించడం ట్రైలర్‌కి చేతకాదేమో.

ఇక రెండో సినిమా. 2015 అక్టోబరు 9న వచ్చిన ‘రుద్రమదేవి’ని గుణశేఖర్ తానే నిర్మించి దర్శకత్వం వహించాడు. ఇక్కడా రాణి అనుష్కే. ప్రచారమంతా ఒక కాకతీయ చక్రవర్తిని గురించి. అయినా తెలుగులో ఆ కథకు వ్యాఖ్యానం చెప్పింది చిరంజీవి గొంతు. జనాన్ని అన్నిటికంటే ఎక్కువగా ఉర్రూతలూగించింది గోన గన్నారెడ్డిగా అల్లు అర్జున్. తాను తెలుగు భాషలాంటివాణ్ణనీ, అక్కడా ఇక్కడా ఉంటాననీ అతను చెప్పే మాట, ‘గమ్మునుండవోయ్’ అన్న అతని ఊతపదం ప్రతి నోటా పలికాయి.

ఈ ఉత్సాహంలో ఒక న్యాయముంది. తెలంగాణ రాష్ట్రం ఏర్పడి అప్పటికి ఏడాదిన్నర కూడా కాలేదు. దశాబ్దాలుగా మన యాసను హాస్యగాళ్లకీ రౌడీలకీ అంటగట్టిన తెలుగు సినిమా, ఒక పెద్ద హీరో నోట దాన్ని పలికించింది. పైగా గోన వంశం ఏలిన వర్ధమానపురం ఎక్కడో కాదు, ఇప్పటి నాగర్‌కర్నూలు జిల్లాలోని నంది వడ్డెమాన్. మన భాష, మన ఊరు తెరమీదికి వచ్చాయని పులకించిన వాళ్లలో ఆడవాళ్లూ ఉన్నారు. ప్రాంతంగా మనకు గౌరవం దొరికిన చోటే స్త్రీలుగా మనం వెనక్కి జరగడం ఇక్కడ కనిపిస్తుంది. రాణి పేరుతో వచ్చిన సినిమానుంచి జనం ఇంటికి తీసుకెళ్లిన మాటకు అర్థం ‘నోరు మూసుకుని ఊరుకో’ అని. అది మగవాళ్లనుద్దేశించి అన్నదే, నిజమే. అయినా గమ్మునుండమని మన ఇళ్లలో ఎవరికి ఎక్కువగా చెబుతారో మనకి తెలుసు.

ఆ గన్నారెడ్డి కూడా చాలావరకు అడవి బాపిరాజు నవల సృష్టించిన సాహసికుడైన గజదొంగే. 1294 నాటి రాయచూరు కోట శాసనం అతన్ని ప్రతాపరుద్రుని కాలపు సామంతుడిగా చెబుతుంది. అదే వంశంలో రంగనాథ రామాయణం రాసిన గోన బుద్ధారెడ్డి ఉన్నాడు. ఆయన కూతురు కుప్పాంబిక. మల్యాల గుండ దండనాథుని భార్య. పాలమూరు దగ్గరి భూత్పూరులో, అంటే నాటి బూదపురంలో, 1276 నాటి శాసనం ఆమెది. తెలుగులో తొలి కవయిత్రిగా సాహిత్య చరిత్రకారులు కొందరు చెప్పేది ఆమెనే. ఆమెదిగా చెప్పే ఒకే ఒక్క పద్యం కోరికను, దాంట్లోని సందిగ్ధాన్ని స్త్రీ గొంతుతోనే పలుకుతుంది. గన్నారెడ్డి పేరు తెలిసిన లక్షలమందిలో కుప్పాంబిక పేరు విన్నవాళ్లు ఎందరు? ఒక వంశంలోంచి సినిమా కత్తి పట్టినవాణ్ణి ఏరుకుంది, కలం పట్టినామెను వదిలేసింది.

అనుష్కే వేసిన మూడో రాణిని కూడా తలుచుకోకపోతే ఈ మాట పూర్తికాదు. 2015 జులైలో ‘బాహుబలి’ మొదటి భాగం ముగిసిన తీరే రెండో భాగానికి ట్రైలరయింది. కట్టప్ప బాహుబలిని ఎందుకు చంపాడని దాదాపు రెండేళ్లు, 2017 ఏప్రిల్ దాకా, దేశమంతా అడిగింది. అదే మొదటి భాగంలో దేవసేన ఇరవై అయిదేళ్లుగా నడివీధిలో గొలుసులతో కట్టేసి ఉంది, తనను బంధించినవాడి చితికోసం పుల్లలు ఏరుకుంటూ ఉంది. ఇరవై అయిదేళ్లు ఆ నగరంలోని జనం ఆమెను చూస్తూ ఎలా ఊరుకున్నారు? ఆ ప్రశ్న ఎవరికీ ఉత్కంఠ కలిగించలేదు. మనకి ఆ దృశ్యం వింతగా అనిపించకపోవడమే అందుకు కారణం. ట్రైలర్‌కి పనికొచ్చే ప్రశ్న జనానికి ఆశ్చర్యం కలిగించేదై ఉండాలి. మగవాణ్ణి నమ్మకస్తుడు వెన్నుపోటు పొడిస్తే ఆశ్చర్యం. ఆడది బందీగా ఉంటే అందులో ఆశ్చర్యమేముంది?

రాణుల గురించి ఇంత చెప్పుకున్నాక ఒక సందేహం రావాలి. రాణులు మాత్రమే స్త్రీలా? నూలు ఒంటికి పట్టు అంచునూ కొంగునూ అతికి గద్వాల చీర నేసే ఇళ్లలో కండెలు చుట్టే ఆడవాళ్లు, పసిపిల్లల్ని చెట్టుకింద ఉయ్యాలలో వేసి ప్రాజెక్టులకు మట్టి మోసిన పాలమూరు కూలీ స్త్రీలు ఏ పోస్టరు మీదా లేరు. సంస్థానాల పల్లకీలు మోసిన భుజాలు వాళ్ల పూర్వీకులవి. రాణి పాత్రకి నాయకత్వం దొరికినందుకు సంతోషిస్తూనే, చంద్రమ్మకి కథ చెప్పే అవకాశం మాత్రమే కాక కథలో చోటు ఎప్పుడు దొరుకుతుందని అడగాల్సి ఉంది.

ట్రైలర్లను చూడటం మానేయమని నేను అనడం లేదు. ఆ రెండు నిమిషాల ఉద్వేగం హాయిగానే ఉంటుంది, అందరితో కలిసి ఎదురుచూడటంలో ఒక పండగ ఉంది. ఈసారి చూసినప్పుడు రెండు సంగతులు గమనిద్దాం. కథ చెబుతున్న గొంతు ఎవరిది? మనచేత ఏ ప్రశ్న అడిగిస్తున్నారు, ఏ ప్రశ్న అడగనివ్వకుండా దృశ్యం మార్చేశారు? పాఠాలు చెప్పేవాళ్లం తరగతి గదిలోనూ పిల్లలచేత ఈ పని చేయించవచ్చు. గద్వాల కోటలో చదువుకునే ఆడపిల్లలు తమ కళాశాల పేరులో ఉన్న స్త్రీ ఎవరో వెతకడంతో మొదలుపెట్టవచ్చు, అక్కడినుంచి భూత్పూరు ఎంతో దూరం కాదు. మిగతా కథ వెండితెర మీద దొరకదు. శాసనాల్లో కొంత ఉంది, చంద్రమ్మల జ్ఞాపకాల్లో చాలా ఉంది. అది వాళ్ల గొంతుల్లోనే రికార్డు చేసుకోవాల్సిన పని మనది.