పితరులకు క్రొత్త పట్టుబట్ట

మలగాసీ భాషలో ‘లాంబా మేనా’ అను మాటకు ‘ఎఱ్ఱని వస్త్రము’ అని అర్థము. మడగాస్కర్ ద్వీపపు నడిమి పీఠభూములలో మృతులకు చుట్టెడి పట్టుబట్టకు ఇది పేరు. ఆ పేరు విని, పిమ్మట బట్టను చూచినవారికి ఒక సందేహము కలుగును. అది అన్నివేళల ఎఱ్ఱగా ఉండదు. ఒకటి మట్టిరంగు, మఱియొకటి బూడిదవన్నె, వేఱొకటి పలువన్నెల చారలు కలది. ఎఱుపు కాని వస్త్రమునకు ఎఱ్ఱని వస్త్రమను పేరు ఏల కలిగెను? నేటి ప్రసంగమున ఈ సంగతిని విచారింతము.

మడగాస్కర్ ఆఫ్రికా తీరమునకు చేరువనే ఉన్నను, అచ్చటి భాష ఆఫ్రికా భాషల కుదురులోనిది కాదు. దానికి దగ్గఱి చుట్టము తూర్పున వేల మైళ్ల దూరమున, బోర్నియో ద్వీపమునందు మాట్లాడెడి మాన్యాన్ భాష. అనగా మలగాసీ జనుల పూర్వులలో కొందఱు హిందూ మహాసముద్రమును దాటి వచ్చినవారు. ఆఫ్రికా నుండి వచ్చినవారును వారితో కలిసిపోయిరి. ఈ జనులలో పీఠభూములందు నివసించు మెరీనా, బెత్సిలియో తెగలవారు పట్టునేతకు ప్రసిద్ధులు.

ఆ పట్టు మల్బరీ ఆకు మేసెడి పురుగుది కాదు. ‘లాండీబే’ అను అడవిపురుగుది. అది ‘తాపియా’ అను చెట్ల ఆకులను మేయును. మన తెలుగునాట మద్దిచెట్లపై పెరిగెడి దసలి పట్టుపురుగును ఎఱిగినవారికి దీని తీరు సులభముగా బోధపడును. పల్లెవారు అడవికి పోయి గూళ్లను ఏరి తెత్తురు. లోపలి పురుగును వండుకొని తినుదురు. ఖాళీ గూటిని లోపలిభాగము వెలుపలికి వచ్చునట్లు త్రిప్పి, సబ్బునీటిలో ఉడికించి, కడిగి, ఆరబెట్టుదురు. మల్బరీ గూటినుండి వలె దీనినుండి తెగని పోగు రాదు. కావున ప్రత్తిని వడకినట్లు కదురుతో వడకవలెను. అందుచేతనే ఆ దారము కొంచెము గరుకుగా, మిక్కిలి గట్టిగా ఉండును.

నేత స్త్రీల పని. నేలలో గూటములు పాతి, వానికి పడుగు సాచి కట్టి, నేలమీదనే కూర్చుండి నేయుదురు. ఆ మగ్గముపై వచ్చెడి గుడ్డ వెడల్పు తక్కువ. రెండు మూడు పట్టీలను అంచులు కలిపి కుట్టినగాని మనిషికి చుట్టదగిన వస్త్రము కాదు.

అంత్యక్రియలతో ఈ వస్త్రముయొక్క పని ముగియదు. మెరీనా కుటుంబములకు రాతితో కట్టిన ఉమ్మడి సమాధిగృహములు ఉండును. కొన్ని యేండ్లకు ఒకసారి, వానలు లేని చలిదినములలో ఆ గృహమును తెఱచి, పితరుల అస్థులను చాపలపై వెలుపలికి తెచ్చి, క్రొత్త పట్టుబట్టను చుట్టుదురు. దీనిని ‘ఫమదిహానా’ అందురు. మేళములు మ్రోగును. బంధువులు పితరులను ఎత్తుకొని నాట్యము చేయుదురు. ఇంటి సంగతులు వారికి చెప్పుకొందురు. మనకు ఇది వింతగా తోచవచ్చును. కాని వారి భావనలో మరణించిన మనిషి వెంటనే పితరుడు కాడు. బిడ్డలు మరల మరల వస్త్రము కప్పుటచేత అతడు పితరుడగును. బట్ట చివికినచో పితరునికి చలి వేయుననియు, అతడు కలలో కనిపించి క్రొత్తబట్ట అడుగుననియు చెప్పుదురు.

పేరులోని మర్మము ఇచ్చట తెలియును. ఎఱుపు ఆ జనులకు అధికారమునకు, ప్రాణబలమునకు గుర్తు. మెరీనా రాజుల కాలమున ఎఱ్ఱని గొడుగు రాజలాంఛనము. కావున లాంబా మేనా అను పేరు దారము రంగును చెప్పుట లేదు. పితరులకు గల శక్తిని చెప్పుచున్నది.

బ్రదికియున్నవారి నడుమను పట్టువస్త్రమునకు గొప్ప గౌరవము ఉండెను. ఫ్రెంచివారితో 1883లో మొదలైన యుద్ధము 1885లో ముగిసెను. మఱుసటి యేడు మూడవ రనవలోనా రాణి అమెరికా అధ్యక్షుడు గ్రోవర్ క్లీవ్‌లాండునకు రెండు పట్టువస్త్రములను కానుకగా పంపెను. కానుక రాజ్యమును కాపాడలేదు. 1896లో ఫ్రాన్సు ఆ ద్వీపమును తన వలసగా చేసికొనెను. 1897లో రాణిని దేశమునుండి వెడలగొట్టెను. ఆమె 1917లో అల్జీర్సు నగరమున మరణించెను. మృతులను స్వకీయుల సమాధియందే ఉంచవలెనని నమ్మెడి జాతికి రాణియైన ఆమె అస్థులు, ఇరువదియొక్క యేండ్లు పరదేశపు మట్టిలో ఉండి, 1938లో అంటననరీవో నగరమునకు చేరెను.

1960లో మడగాస్కర్ స్వతంత్రమయ్యెను. నేడు ఆ నేతకు కలిగిన చిక్కు వేఱు. కార్చిచ్చులచేతను, కట్టెలకై నఱకుటచేతను తాపియా అడవులు తగ్గినవి. చెట్టు తగ్గినచోట పురుగు తగ్గినది. పట్టుబట్ట ప్రియమైనందున పలువురు కృత్రిమపు దారముతో నేసిన మిల్లుగుడ్డను కొనుచున్నారు. నేసెడి స్త్రీలు అడవిపట్టుతో కండువాలు నేసి యాత్రికులకు అమ్మి జీవనము గడుపుకొనుచున్నారు.

రంగు ఏదైనను పేరు చెల్లినట్లు, పట్టు లేకున్నను ఆచారము చెల్లునని కొందఱు అనవచ్చును. పేదవాడు తన తండ్రికి చౌకగుడ్డ కప్పినచో తప్పు పట్టగలవారము మేము కాము. అయినను ఒక సంగతి చెప్పవలసియున్నది. గూళ్లు ఏరినవారు, వడికినవారు, నేసినవారు, ధనము కూడబెట్టి కొన్నవారు, వీరందఱి దినములును ఆ పోగులలో చేరి పితరుని చేరుచుండెను. అంగడిలో క్షణమున కొన్న గుడ్డ చలిని కాచవచ్చును గాని, అన్ని దినములను మోయజాలదు. అరివోనిమామో ప్రాంతమున కొన్ని పల్లెలవారు తమ తాపియా అడవులను తామే కాపాడుకొన పూనిరి. ఆ పూనిక నెగ్గినచో, ఆ పల్లెల బిడ్డలు తమ పెద్దలకు తమ అడవి పట్టునే కప్పగలుగుదురు.