కజ్జికాయకు దూరపు చుట్టము

పండుగకు రెండు దినములు ముందుగా మార్కాపురము, గిద్దలూరు ప్రాంతపు ఇండ్లలో కజ్జికాయలు సిద్ధమగుచుండును. పలుచగా ఒత్తిన పూరీలో బెల్లము, ఎండుకొబ్బరి, వేయించిన నువ్వుల పొడి నింపి, సగమునకు మడిచి, అంచును వ్రేళ్లతో మెలిపెట్టి మూయుదురు. అంచు విడిపోయినచో బాణలిలోని నూనె యంతయు పాడగును. ఇల్లాలి నేర్పు ఆ అంచుననే యున్నది.

ఇట్లే పిండిపొరల నడుమ తీపిని మూసి వండు పద్ధతి ఇంగ్లండు, అమెరికాలలో చిరకాలముగా కలదు. ఆ వంటకమును 'పై' యందురు. వెన్న కలిపిన గోధుమపిండితో క్రింద నొక పొర, మీద నొక పొర. నడుమ పంచదార కలిపిన పండ్లముక్కలు. ఆ పండ్లలో నొకటి నిజమునకు పండే కాదు, రూబార్బు అను మొక్క యొక్క కాడ.

రూబార్బు మనకు బొత్తిగా క్రొత్తది కాదు. దాని వేరు రేవలచిన్ని యను పేర మూలికల అంగళ్లలో విరేచనౌషధముగా దొరకును. ఆ పేరు పారశీకమునుండి వచ్చినది. చీనాదేశపు రేవందు అని యర్థము. 13వ శతాబ్దిలో మార్కోపోలో, చీనా వాయవ్యపు కొండలలో ఈ వేరు సమృద్ధిగా లభించుననియు, వర్తకులు దానిని నలుదెసలకు కొనిపోవుదురనియు తెలిపెను. 1839లో నల్లమందు వర్తకము నాపబూనిన లిన్ జెషూ అను చీనా అధికారి, విక్టోరియా రాణి నుద్దేశించి వ్రాసిన లేఖలో తేయాకుతో పాటు ఈ వేరును గూడ పేర్కొని, ఇవి లేనిదే విదేశీయులకు జరుగదని హెచ్చరించెను.

వేరునకింత గౌరవమున్నను, ఐరోపాలో కాడను వంటకు వాడుట 18వ శతాబ్దివరకు బలపడలేదు. కారణము పులుపు. దాని నణచుటకు పంచదార విస్తారముగా కావలెను. వెస్టిండీసు దీవులలో బానిసల చెమటతో పండిన చెఱకు పంచదారను చౌక చేసెను. 1874లో బ్రిటనులో దానిపై సుంకము గూడ రద్దయ్యెను. పేదయింటి 'పై'లో పుల్లని కాడ తీపియగుట వెనుక ఇంత కథ కలదు. 1947లో అమెరికాలోని బఫెలో నగరమందు కస్టమ్సు న్యాయస్థానము, పండువలె వాడుచున్నారు గనుక సుంకము విషయమున దీనిని పండుగానే యెంచవలెనని తీర్పు చెప్పెను. ఆకు మాత్రము విషము. మొదటి ప్రపంచయుద్ధ కాలమున ఆహారపు కొఱతచే దానిని తిని బ్రిటనులో కొందఱు ప్రాణములు గోల్పోయిరి.

19వ శతాబ్ది చివర అమెరికను బాప్టిస్టు మిషనువారు కంభము, మార్కాపురములలో కేంద్రములు నెలకొల్పిరి. 'పై' తినెడు దేశపువారు ఇట్లు మన ప్రాంతమునకు వచ్చిరి. కాని రూబార్బునకు గట్టి చలికాలము కావలెను. మన ఎండలకది నిలువదు. దాని కుటుంబమునకే చెందిన చుక్కకూర మన పెరళ్లలో పెరుగుచున్నది. దానిలోని పులుపును మనవారు కందిపప్పులో కలిపిరి గాని, కజ్జికాయలో పెట్టలేదు. ఏల?

దీనికి సమాధానము పొయ్యి చెప్పును. 'పై' అన్నివైపుల మూసిన పొయ్యిలో మెల్లగా కాలును. మీది పొరకు కత్తితో గాట్లు పెట్టుదురు. కాడలలోని నీరు ఆవిరియై వాటిగుండ పోవును. మన కజ్జికాయ కాగిన నూనెలో వేగును. దానికి గాటు పెట్టరాదు. తడిసరుకు నింపినచో ఆవిరి పొరను చీల్చును, నూనె చిందును. అందుచే పొడిసరుకే తగును. నువ్వులు మెట్టనేలలో పండు పంట గనుక అవి దానికి సులువుగా అమరినవి. తడి లేనందున కజ్జికాయ డబ్బాలో వారము దాటి నిలుచును, ప్రయాణములకు పనికివచ్చును. రూబార్బు 'పై' యన్ననో రెండు దినములకే క్రిందిపొర మెత్తబడును.

ఒక దేశపు వంటకమును రుచి యొక్కటే నిర్ణయింపదు. పొయ్యి, నేల, అంగడిలో తీపి ధర కలిసి నిర్ణయించును. నేడు కరెంటు ఓవెను మన పట్టణపు టిండ్లకు వచ్చినది. కజ్జికాయలు మిఠాయి అంగడిలో కొన దొరకుచున్నవి. కాని అంచు మెలిపెట్టు విద్య అంగడిలో దొరకదు. వచ్చు పండుగకు పిల్లలను పీటప్రక్క కూర్చుండబెట్టుకొని, వారిచేత నాలుగు కజ్జికాయలైనను మూయింపుడు. ఒకటి రెండు విడిపోయినను నష్టము లేదు.