విచారణకు ముందే వాహన విడుదల: దయ కాదు, కోర్టు విధి

పోలీసులు స్వాధీనం చేసుకున్న ఆటోనో లారీనో కేసు తేలకముందే యజమానికి అప్పగిస్తే, అది కోర్టు చూపిన దయ అన్నట్టు చాలామంది మాట్లాడతారు. ఈ వ్యాసం ఆ అభిప్రాయాన్ని ఒప్పుకోదు. తన అధీనంలోకి వచ్చిన ఆస్తి పాడవకుండా చూడటం కోర్టు విధి. విడుదల ఉత్తర్వు ఆ విధిలో భాగం.

పాత సీఆర్‌పీసీలో దీనికి రెండు దారులుండేవి. వాహనాన్ని కోర్టు ముందు హాజరుపరిస్తే 451వ సెక్షన్ వర్తించేది. స్వాధీనం చేసుకున్నట్టు మేజిస్ట్రేటుకు నివేదిక మాత్రమే చేరితే 457వ సెక్షన్. ఈ నిబంధనలకు పదును పెట్టింది 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు. ఆ కేసు పుట్టుకే గమనించదగ్గది. అందులో నిందితులు పోలీసు సిబ్బంది. స్టేషన్‌లో ఉంచిన కేసు సొత్తును మార్చేశారని, డబ్బు వాడుకున్నారని, అనుమతి లేకుండా వేలం వేశారని వారిపై ఆరోపణలు. స్టేషన్‌లో ఉంటే సాక్ష్యం భద్రం అన్న నమ్మకమే అక్కడ బీటలు వారింది. వాహనాలను ఏళ్ల తరబడి స్టేషన్లలో ఉంచి ప్రయోజనం లేదని, తగిన బాండు, పూచీకత్తు తీసుకుని వెంటనే ఉత్తర్వులివ్వాలని, ఎవరూ అడగని బండ్లను వేలం వేయించాలని కోర్టు చెప్పింది. పంచనామా, ఫొటోలు సక్రమంగా ఉంటే విచారణకు బండే ఎదురుగా ఉండాల్సిన అవసరం రాదు.

2024 జులై 1న అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత దీనికి గడువులు జోడించింది. 497వ సెక్షన్ కింద, ఆస్తి తన ముందుకు వచ్చిన 14 రోజుల్లో కోర్టు దాని వివరాలు నమోదు చేసి ఫొటోలు, అవసరమైతే వీడియో తీయించాలి. ఆపై 30 రోజుల్లో దాన్ని ఏం చేయాలో ఉత్తర్వివ్వాలి.

చిక్కంతా ప్రత్యేక చట్టాల దగ్గరే. రేషన్ బియ్యంతో లారీ పట్టుబడితే నిత్యావసర సరుకుల చట్టం 6-ఎ కింద జప్తు అధికారం కలెక్టరుది. 6-ఇ సెక్షన్ ఇతర కోర్టుల జోక్యానికి అడ్డుపడుతుంది. అయితే అదే 6-ఎలో యజమానికి ఒక రక్షణ ఉంది. కిరాయికి తిరిగే వాహనమైతే జప్తుకు బదులు జరిమానా కట్టుకునే అవకాశం ఇవ్వాలి. ఆ జరిమానాకు గరిష్ఠ పరిమితి తరలించిన సరుకు మార్కెట్ ధర. బండి ధరతో దానికి సంబంధం లేదు. జప్తు నోటీసుకు జవాబు రాసే న్యాయవాది మొదట చూడాల్సింది ఈ నిబంధననే.

విశాఖ మన్యం దారుల్లో గంజాయితో పట్టుబడే వాహనాల విషయంలో పట్టు ఇంకా బిగుసుకుంటుంది. అక్కడా తలుపు పూర్తిగా మూసి లేదని 2025 జనవరిలో బిశ్వజిత్ డే కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అది అప్పు మీద కొన్న లారీ. సరుకు దొరికింది అందులో ఎక్కిన వేరే వ్యక్తి దగ్గర. యజమాని నిందితుడు కాడు. యజమాని దగ్గరో అతని మనిషి దగ్గరో దొరికితే మామూలుగా వాహనాన్ని ఇవ్వనక్కర్లేదని, యజమానికి తెలియకుండా ప్రయాణికుడు తెచ్చినా, దొంగిలించిన బండిలో దొరికినా షరతులతో ఇవ్వాలని కోర్టు గీత గీసింది. యజమాని తప్పునూ బండిలో సరుకు దొరకడాన్నీ వేరుచేసి చూసిన ఈ పద్ధతి న్యాయమైనదని నా అభిప్రాయం.

ఉత్తర్వు చేతికొచ్చినా షరతులు మిగులుతాయి. పూచీకత్తు మొత్తాన్ని కొన్న ధర ప్రకారం నిర్ణయించి ఇద్దరు జామీనుదారులను తెమ్మంటే, ఆటో నడుపుకుని ఫైనాన్సు వాయిదాలు కట్టే మనిషికి ఆ ఉత్తర్వు కాగితంగానే ఉండిపోతుంది. బీమా పత్రంలోని ప్రస్తుత విలువను ప్రాతిపదికగా తీసుకుని, అమ్మనని, రూపు మార్చనని, పిలిచినప్పుడు తెస్తానని యజమాని రాసిచ్చే సొంత బాండుతో సరిపెట్టడం తగిన పద్ధతి.

ఆలస్యంవల్ల జరిగే నష్టం ఎవరు భరించాలి? పోలీసుల దగ్గరున్న సొత్తు మాయమైన బసవ్వ కేసులో, 1977లో సుప్రీంకోర్టు ఆ విలువను ప్రభుత్వమే చెల్లించాలంది. ఎండావానలకు పాడైన వాహనానికీ ఈ సూత్రాన్ని వర్తింపజేయాలి. అందుకోసం పట్టుకున్న రోజే పంచనామాలో కిలోమీటర్ల రీడింగు, బ్యాటరీ, టైర్లు, ఇంజన్ స్థితి రాయించాలి.